ఫిషింగ్ హార్బర్‌లో వేమన పంచాయితీ!

విశాఖ ఫిషింగ్ హార్బర్‌కి నేను వెళ్ళింది కోనాం చేప కోసం. దొరికింది మాత్రం సినిమా కబురు!

తెల్లవారుజామున అక్కడ చేపల పాట సాగుతున్నప్పుడు పక్కవాడి మాట పక్కవాడికి వినబడదు. పాట ముగిసి, తట్టలు లేచిపోయాక జెట్టీ కాస్త తెరిపిన పడుతుంది. అలా తెరిపిన పడ్డ వేళ, టీ బడ్డీ దగ్గర నలుగురు కుర్రాళ్ళు ఐసు పెట్టెకి ఫోను ఆనించుకుని బొమ్మ చూస్తున్నారు. ఏ కొత్త హీరో సినిమానో అనుకుని తొంగి చూశాను కదా... నలుపు తెలుపు! నాగయ్యగారు! 1947 నాటి ‘యోగి వేమన’!

“ఏమిటోయ్, ఈ వయసులో మీకీ వైరాగ్యం?” అన్నాను.

“వైరాగ్యం కాదండీ బాబూ, బంగారం చేసే సీను!” అన్నాడొకడు, తెర మీంచి కళ్ళు తిప్పకుండా.

నిజమే. మన వేమన్న యోగి కాకముందు రసవాది. అంటే మామూలు లోహాన్ని బంగారంగా మార్చే విద్య వెంట పడ్డవాడు. ఆ సినిమాలో నాగయ్య వేమన, ముదిగొండ లింగమూర్తి ఆయన స్నేహితుడు అభిరామయ్య. ఇద్దరూ కొలిమి ముందు కూర్చుని సాధించేది ఆ విద్యనే.

ఇక్కడే కుర్రాళ్ళు రెండు పార్టీలయ్యారు! కారణం సినిమా కాదు, జనం చెప్పుకునే కథ. అభిరాముడనే కంసాలి ఒక యోగికి ఏళ్ళ తరబడి శుశ్రూష చేశాడట. తీరా ఉపదేశం ఇచ్చే రోజున వేమన అతన్ని ఏదో పని మీద ఆపేసి, తాను వెళ్ళి మంత్రం పుచ్చుకున్నాడట. ఆ తర్వాత చేసిన పనికి కుమిలిపోయి, అభిరాముడి కాళ్ళ మీద పడి, అతని పేరు పద్యం పద్యంలోనూ నిలిపాడట. మకుటంలో ‘అభిరామ’ అన్న మాట అలా వచ్చిందంటారు. పండితులు కొందరు ఒప్పుకోరు లెండి. ఆ మాటకి మనోహరమైన అన్న అర్థమే చాలంటారు.

“ఒకడి వాటా ఇంకొకడు ఎత్తుకుపోతే దొంగతనం కాదేటి?” అన్నాడు ఓ కళాసీ.

పక్కన వల బాగుచేస్తున్న ముసలాయన తలెత్తకుండానే అందుకున్నాడు. “ఒకడి సెవిలో సెప్తే దాపరికంరా. ఈయన ఊరందరికీ సెప్పేసినాడు. ఇంక దొంగతనం ఎక్కడిది?”

“పంచినా సరే, అడిగి తియ్యాల తాతా!”

నేను నోరు మూసుకున్నాను. ఈ తగాదా ఈ జెట్టీ మీద పుట్టింది కాదు మరి! గురువు నుంచి శిష్యుడికి గుట్టుగా నడిచే విద్యల మధ్య నుంచి బయటికొచ్చి, కులాన్నీ, రాతి పూజనీ, దొంగ గురువుల్నీ చిన్న చిన్న ఆటవెలదుల్లో ఏకిపారేసినవాడాయన. గొడ్లకాపరికి కూడా నోటికొచ్చే ఆ పద్యాలను పండితులు చాలాకాలం కవిత్వమని లెక్కపెట్టలేదు. సి.పి. బ్రౌన్ దొర వాటిని పోగుచేసి, ఇంగ్లీషులోకి మార్చి 1829లో అచ్చువేయించాడు. మన హార్బర్ దాటి బీచి రోడ్డున వెళితే వచ్చే ఆంధ్ర విశ్వవిద్యాలయమే, 1928లో అనంతపురంలో రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మగారి చేత వేమన మీద ఉపన్యాసాలు ఇప్పించింది. ఇంత జరిగినా తగువు తీరలేదు... ఇదిగో, ఐసు పెట్టె దగ్గర మళ్ళీ మొదలు!

“అసలు బంగారం చెయ్యొచ్చాండీ?” అని అడిగాడు అందరికన్నా చిన్నవాడు.

పాదరసానికీ బంగారానికీ పరమాణువులో ఒక్క ప్రోటానే తేడా అని చెప్పాను. “ఒక్కటేనా!” అని లేచాడు వాడు. ఆ ఒక్కటీ కొలిమికి లొంగదయ్యా అన్నాను. 1980లో అమెరికాలో, బర్క్లీ శాస్త్రజ్ఞులు పెద్ద యంత్రంతో బిస్మత్ నుంచి బంగారం తీశారు. తీసింది కంటికి కూడా ఆనదు, ఖర్చు మాత్రం కొండంత! వాడు నీరుగారిపోయాడు.

“మా దగ్గర తిరగేసి జరుగుద్దండి. ఆడోళ్ళ బంగారం తాకట్టెడితే బోటు. బోటు కాలితే బూడిద” అన్నాడు ముసలాయన. 2023 నవంబరు 19 రాత్రి ఇదే హార్బర్‌లో మంటలు లేచి పదుల బోట్లు తగలబడ్డాయి. ఆ మాట తర్వాత కాసేపు ఎవరూ మాట్లాడలేదు.

సినిమా సంగతికొస్తే... కె.వి. రెడ్డి దర్శకత్వం, మార్కస్ బార్ట్‌లే ఛాయాగ్రహణం! మెచ్చుకోనివాళ్ళు లేరు. డబ్బులే రాలలేదు! బంగారాన్ని కాదన్న వేమన పెట్టెలు నింపలేదు గానీ, అదే రెడ్డిగారు 1951లో ‘పాతాళభైరవి’ తీస్తే, సంపదల కోసం దేశాలు తిరిగిన ఆ నేపాళ మాంత్రికుణ్ణి చూడ్డానికి జనం ఎగబడ్డారు. నాకు రెండూ ఇష్టమే. కానీ రాత్రి నిద్ర పట్టనివ్వనిది మొదటిదే.

ఇక నాగయ్యగారు! లక్షలు చూసిన చెయ్యి. అడిగినవాడికల్లా పెట్టిన చెయ్యి కూడా అదే. 1965లో పద్మశ్రీ అందుకున్న ఆ మహానటుడు 1973 డిసెంబరు 30న కన్నుమూసేనాటికి వెనకేసుకున్నదంటూ ఏమీ లేదు. వేషం తీసినా వేమన్న ఆయన్ని వదల్లేదేమో అనిపిస్తుంది నాకు.

ఫోనులో బంగారం తయారైంది. ఇక వచ్చేది జ్యోతి ఘట్టం. వేమన ప్రాణంలా చూసుకున్న అన్న కూతురు జ్యోతి. ఇక్కడ బంగారం సిద్ధించేసరికి అక్కడ ఆ పసిది ఉండదు. ఆ దృశ్యంలో నాగయ్యగారి ముఖం చూడాలని నేను ముందుకి వంగాను. కళాసీ చటుక్కున ఫోను ఆపేశాడు.

“అదేమిటోయ్! అసలు సినిమా ఇక్కడే కదా!”

వాడు గొంతు తగ్గించి, నీళ్ళ వైపు కళ్ళతో చూపించాడు. బోటు అంచున మా వైపు వీపు పెట్టి సరంగు కూర్చున్నాడు. “మా సరంగు ఇక్కడుంటే ఇది ఎయ్యమండి. పోయినేడు పది రోజులు ఏటకెళ్ళినాం. రొయ్య బాగా పడింది. తిరిగొచ్చేసరికి ఆల పాప...” అని ఆగిపోయాడు.

ఇంతలో ఐసు బండి వచ్చింది. సరంగు లేచి ఓ కేక పెట్టాడు. నలుగురూ ఫోను జేబులో వేసుకుని పరుగు తీశారు. ముసలాయన మాత్రం సూది వలలో గుచ్చుతూ, “అడిగి తియ్యాలంటాడు! ఎవుడిస్తాడ్రా అడిగితే...” అని ఇంకా గొణుగుతూనే ఉన్నాడు.