తనఖా ఇంటి అసలు వెల

ఇల్లు కట్టి చూడుమని పెద్దలందురు. చేతి పైకము చాలని గృహస్థుడు ఇంటి దస్తావేజులను బ్యాంకునందు తనఖా యుంచి ఋణము తెచ్చుకొనును. నెలకెంత కట్టవలెనో అతడెరుగును. తుదకెంత కట్టునో పలువురు లెక్కింపరు.

ఒకడు 10 లక్షల రూపాయలను ఏడాదికి నూటికి 9 రూపాయల వడ్డీపై, 20 ఏండ్ల గడువునకు తీసికొనెననుకొందము. నెలవాయిదా సుమారు 8,997 రూపాయలు. మొదటి వాయిదాలో 7,500 రూపాయలు వడ్డీకే పోవును. అసలునకు చెల్లునది 1,497 రూపాయలే! మిగిలియున్న అసలుపై వడ్డీ కట్టుటయే ఇందులకు కారణము. అసలు తరిగినకొలది వడ్డీయు తగ్గును గాని, తొలుత ఆ తరుగుదల మిక్కిలి నెమ్మది. పదియేండ్లలో అతడు 10,79,000 రూపాయలకు పైగా కట్టును; అయినను 7,10,000 రూపాయల బాకీ నిలిచియుండును. సగము గడువు తీరినది గనుక సగము అప్పు తీరెనని తలచి ఇల్లు అమ్మబోయినవాడు ఈ అంకె చూచి నిర్ఘాంతపోవును. ఇరువదియేండ్లకు చెల్లించునది మొత్తము 21,59,000 రూపాయలు. రిజిస్ట్రేషను, మరమ్మతుల ఖర్చులు వేరు.

గడువు 15 ఏండ్లయినచో వాయిదా 10,143 రూపాయలగును; మొత్తముమీద 3,33,000 రూపాయలకు పైగా మిగులును. అయితే నెలకు అదనముగా 1,146 రూపాయలు తీయుట చిన్న జీతగానికి సులభము కాదు. అట్టివాడు చేతికి సొమ్ము వచ్చినప్పుడు కొంత అసలునకు జమ కట్టవచ్చును. వడ్డీరేటు మారుచుండు గృహఋణములను ముందుగా తీర్చువారిపై బ్యాంకులు రుసుము విధింపరాదని రిజర్వు బ్యాంకు 2012లో ఆదేశించెను. పై ఋణములో మొదటి యేడాది చివర ఒక లక్ష జమచేసి, వాయిదా మార్చక కట్టుచు వచ్చినచో 50 వాయిదాలు తగ్గును.