సంస్థలు – దేశ సంపద

ఒకే వాన, ఒకే నేల ఉన్న రెండు ఊళ్లలో ఒకటి కలిమి గాంచును, రెండవది వెనుకబడును. ఏల? అర్థశాస్త్రజ్ఞులు చెప్పు సమాధానములలో ముఖ్యమైనది ‘సంస్థలు’. ఇచట సంస్థ యనగా భవనము కాదు. జనుల వ్యవహారములను నడుపు నియమము, దానిని అమలుపరచు ఏర్పాటు. ఈ విషయమున పరిశోధనకే 2024లో అసెమోగ్లు, జాన్సన్, రాబిన్సన్‌లకు నోబెల్ స్మారక బహుమానము లభించినది.

మన పట్టునే తీసికొందము. హిందూపురము మార్కెట్టులో పట్టుగూళ్లను వేలము వేయుదురు. తూకము, ధర పదిమంది ఎదుట తేలుటచే రైతు ఒక్క దళారి మాటపై ఆధారపడనక్కరలేదు.

ధర్మవరము సంగతి వేరు. 1985 నాటి చట్టము చీరతో సహా కొన్ని వస్త్రములను చేనేతకే ప్రత్యేకించినది. అయినను అదే రకము చీరను మరమగ్గముపై నేసి చవుకగా అమ్మినచో, రోజుల తరబడి మగ్గము ముందు కూర్చున్న నేతగాని కష్టమునకు ధర ఉండదు. తనిఖీ లేని చట్టము కాగితముపై సిరా మాత్రమే.

పెనుగొండ సమీపమున కియా కార్ల కర్మాగారమునకు 2017లో ఒప్పందము జరిగి, 2019లో ఉత్పత్తి ఆరంభమైనది. బెంగుళూరు దగ్గరగుట తోడ్పడిన మాట నిజమే. కాని వానలు తక్కువైన ఈ సీమలో భూమి, నీరు, విద్యుత్తు సమకూర్తుమను హామీ లేనిదే ఎవరు పెట్టుబడి పెట్టుదురు?

విద్యార్థులారా! ఈసారి సంతకు పోయినపుడు మూడు ప్రశ్నలు వేసికొనుడు: ఇచట నియమము చేసినదెవరు? కాపాడునదెవరు? అన్యాయము జరిగిన వాని మొర వినునదెవరు?