చిత్రిక పట్టిన చేతులు

ఆదివారం పొద్దున 8 గంటలకు, లోకమంతా ఇంకా దుప్పటి తీయని వేళ, ఒలింపిక్ స్వర్ణం తేల్చే మ్యాచ్ పెట్టారు. 1960 ఫిబ్రవరి 28, కాలిఫోర్నియాలోని స్క్వా వ్యాలీ. ముందు రోజే సోవియట్ యూనియన్‌ని 3-2తో ఓడించిన అమెరికా ఐస్ హాకీ జట్టుకి కాళ్లలో సత్తువ లేదు. చెకొస్లొవేకియా మీద రెండు పీరియడ్లు అయ్యేసరికి 4-3తో వెనకబడింది. విరామంలో డ్రెస్సింగ్ రూములోకి అనుకోని అతిథి వచ్చాడు... నిన్న ఓడిపోయిన సోవియట్ జట్టు కెప్టెన్ నికొలాయ్ సొలొగుబోవ్. కొండ మీద గాలి పలచన, ఆక్సిజన్ పీల్చండని సైగలతో చెప్పి వెళ్లాడు.

చివరి పీరియడ్‌లో అమెరికా ఆరు గోల్స్ కొట్టి 9-4తో గెలిచింది. ఆ మ్యాచ్‌లో నాలుగు గోల్స్ రోజర్ క్రిస్టియన్‌వి. ముందు రోజు సోవియట్ జట్టు మీద స్కోరు సమం చేసిన గోలూ, ఆట ఇంకో ఐదు నిమిషాల్లో ముగుస్తుందనగా గెలిపించిన గోలూ అతని తమ్ముడు బిల్‌వి.

అన్నదమ్ములిద్దరూ వడ్రంగులు.

అప్పటి ఒలింపిక్స్‌లో డబ్బు తీసుకుని ఆడేవాళ్లకి చోటు లేదు. సోవియట్ ఆటగాళ్లు కాగితం మీద సైనికులు, పని మాత్రం హాకీయే. అమెరికా జట్టులో అలా కాదు. కెప్టెన్ జాక్ కిర్రేన్ అగ్నిమాపక సిబ్బందిలో ఉద్యోగి. జీతం వదులుకుని సెలవు పెట్టి వచ్చాడు. మెడలో బంగారు పతకం వేసుకుని ఊరికెళ్లిన క్రిస్టియన్ సోదరులు మళ్లీ ఉలి, సుత్తి పట్టుకున్నారు.

ఊరు పేరు వార్‌రోడ్. మిన్నెసోటా ఉత్తరపు కొసన, లేక్ ఆఫ్ ది వుడ్స్ అనే పెద్ద సరస్సు ఒడ్డున ఉంటుంది. కెనడా సరిహద్దు దగ్గరే. జనాభా రెండు వేలు కూడా ఉండదు. చలికాలం మైనస్ 30 డిగ్రీలకు దిగినా పిల్లలు ఇంట్లో ఉండరు, స్కేట్లు కట్టుకుని మంచు మీదే ఉంటారు. క్రిస్టియన్ల ఇంట్లో హాకీ అంతకుముందే ఉంది. పెద్దన్న గార్డన్ 1956 ఒలింపిక్స్‌లో రజతం తెచ్చాడు.

1964లో బిల్, రోజర్, బావగారు హాల్ బక్కే కలిసి క్రిస్టియన్ బ్రదర్స్ పేరుతో హాకీ కర్రల కంపెనీ పెట్టారు. అదే ఏడు అన్నదమ్ములు ఇన్స్‌బ్రుక్ ఒలింపిక్స్‌లోనూ ఆడారు. ఈసారి అమెరికాకి దక్కింది ఐదో స్థానం. ఛాంపియన్ వ్యాపారి అయ్యాడంటే పేరు అమ్ముకుని బతికాడనే అనుకుంటాం. వీళ్లు అమ్మింది చేతిపని. కంపెనీ నినాదం కూడా అంతే సూటిగా ఉండేది: హాకీ కర్రలు, చేసింది హాకీ ఆటగాళ్లు.

మన మైదానం హాకీ కర్రకి జలంధర్‌లో మల్బరీ చెక్క వాడినట్టే, ఐస్ హాకీ కర్రకి అప్పట్లో యాష్ చెక్క పేరు. గట్టిగా ఉంటుంది, కానీ వంగుతుంది. ఆటగాడు బలంగా కొట్టినప్పుడు కాడ విల్లులా వంగి, తిరిగి లేచే ఊపుతోనే పక్ (బంతికి బదులు వాడే బిళ్ల) దూసుకెళ్తుంది. కాబట్టి చెక్కలో గీతలు పై నుంచి కింది దాకా తిన్నగా సాగాలి. మధ్యలో ముడి ఉంటే కర్ర అక్కడే విరుగుతుంది. కాడ అడుగున గాడి తీసి, బ్లేడు ముక్క మొనని అందులో దింపి జిగురుతో అతికించేవారు. బ్లేడుకి ఫైబర్ గ్లాస్ గుడ్డ చుట్టి ఎపాక్సీ పట్టించేవారు. ఆరాక ఉప్పుకాగితం. నిలబడ్డప్పుడు బ్లేడు మంచు మీద పూర్తిగా ఆనాలంటే కాడకీ బ్లేడుకీ మధ్య కోణం మనిషిని బట్టి మారాలి. కుడిచేతి వాళ్ల కర్ర ఎడమచేతి వాళ్లకి పనికిరాదు. కొలతలో పిసరు తేడా ఎక్కడ ఇబ్బంది పెడుతుందో ఆడినవాడికే తెలుస్తుంది. నా మటుకు క్రిస్టియన్ సోదరుల అసలు పెట్టుబడి అదే. ఉత్తర అమెరికా ఐస్ హాకీ లీగ్ ఎన్‌హెచ్‌ఎల్ ప్రొఫెషనల్స్ చేతుల్లోకీ ఆ కర్రలు వెళ్లాయి.

ఫ్యాక్టరీ పెట్టినా బిల్ ఆట మానలేదు. ఊరి జట్టు వార్‌రోడ్ లేకర్స్‌కి చాలా ఏళ్లు ఆడాడు.

1980లో లేక్ ప్లాసిడ్‌లో అమెరికా మళ్లీ సోవియట్లని ఓడించి స్వర్ణం గెలిచింది. ఆ జట్టులో బిల్ కొడుకు డేవ్ ఉన్నాడు. కోచ్ హెర్బ్ బ్రూక్స్, 1960 జట్టులోంచి ఆఖరి క్షణంలో తప్పించిన కుర్రాడే! హాలీవుడ్ సినిమా తీసింది 1980 గెలుపు మీద. అంతకు ఇరవై ఏళ్ల ముందు అదే పని చేసిన వడ్రంగుల సంగతి అమెరికాలోనే చాలామందికి తెలియదు.

వ్యాపారానికి దెబ్బ మంచు మీంచే వచ్చింది. ముందు అల్యూమినియం కాడలు, తర్వాత కాడ, బ్లేడు ఒకే పోతగా కార్బన్ ఫైబర్ కర్రలు. అవి తేలిక, ఒకదానికొకటి అచ్చుగుద్దినట్టుంటాయి. ప్రకృతిలో ఏ రెండు చెక్కలూ అలా ఉండవు. అచ్చులో పోసే పనికి చిత్రిక పట్టే చేతులతో పని లేదు. చివరికి కంపెనీ చేతులు మారింది, వార్‌రోడ్‌లో కర్రల తయారీ ఆగిపోయింది. 2011లో రోజర్ కన్నుమూశాడు.

బిల్ మనవడు బ్రాక్ నెల్సన్ ఎన్‌హెచ్‌ఎల్ దాకా వెళ్లాడు. తాత ఊళ్లోనే ఆట నేర్చుకున్నాడు. అతని చేతిలో కర్ర మాత్రం చెక్కది కాదు.