చిందు రంగస్థలి మీద గడ్డం సమ్మయ్య

జనగామ జిల్లా దేవరుప్పుల మండలం అప్పిరెడ్డిపల్లెకు చెందిన చిందు యక్షగాన కళాకారుడు గడ్డం సమ్మయ్యకు 2024లో పద్మశ్రీ ప్రకటించినప్పుడు, ఐదు దశాబ్దాలకు పైబడిన ఆయన రంగస్థల జీవితంలో 19 వేలకు మించి ప్రదర్శనలు జరిగాయని కేంద్ర ప్రభుత్వం పేర్కొన్నది. సంఖ్య పెద్దదే గాని, దాని బరువు తెలియాలంటే చిందు ఆటలో నటుడి మీద పడే పని ఎంతటిదో తెలియాలి. అక్కడ నటుడు ఎవరో రాసిన మాటలు ఒప్పజెప్పి దిగిపోయేవాడు కాదు, చాలా మేరకు రచయిత కూడా తానే.

చిందు భాగవతమని కూడా పిలిచే ఈ కళ మాదిగలకు ఆశ్రితులైన, అంటే వారి కులపురాణం చెప్పే హక్కుతో వారి ఆదరణ మీద బతికే, చిందు కుటుంబాల వారసత్వం. ఊళ్లను మిరాశీగా, అంటే వంశపారంపర్య హక్కుగా, పంచుకొని తిరిగిన ఈ మేళాలకు ఆ కులపురాణమైన జాంబపురాణం, గ్రామదేవత ఎల్లమ్మ వేషం దేవతల కొలుపుతో ముడిపడినవి కాగా, సారంగధర, హరిశ్చంద్ర వంటి కథలు ఊరందరి కోసం ఆడే ఆటలు. దేవరుప్పులకు పొరుగునే ఉన్న పాలకుర్తి పేరుతో ప్రసిద్ధుడైన కవి సోమనాథుడు పండితారాధ్య చరిత్రలో శ్రీశైల యాత్రికుల ఆటపాటలను వర్ణించాడు గనుక, ఈ నేలకు ప్రదర్శన కళలతో ఉన్న చుట్టరికం పాతదే.

ఆట రాత్రి మొదలవుతుంది. ముఖానికి అర్దళమనే పసుపురంగు పూసుకొని, తేలికైన కర్రతో చేసిన కిరీటమూ భుజకీర్తులూ కట్టుకొని, కాళ్లకు గజ్జెలతో పాత్ర తెర వెనుక నిలబడగా, మద్దెల, తాళాలు, హార్మోనియం అందుకొంటాయి. తెర తొలగే వేళ పాత్ర తనను తాను పరిచయం చేసుకొంటూ పాడి ఆడే తాళబద్ధమైన పాటే ప్రవేశదరువు. పద్యాలూ దరువులూ చాలావరకు కట్టుబడి ఉన్నవే, వాటిలో చెర్విరాల భాగయ్య వంటి యక్షగాన కవులు రాసినవీ ఉన్నాయి. కాని వాటి నడుమ పలికే వచనం మాత్రం ఆ రాత్రి, ఆ ఊరి జనాన్ని బట్టి నటుడి నోట పుట్టేదే. రాజు పాత్రధారి ఊరి సంగతి ఎత్తుకొంటే హాస్యగాడు దాన్ని అందుకొని లాగుతాడు, కథ కాసేపు ఆగుతుంది, అయినా ఎవరూ లేచిపోరు.

వ్యవసాయ కూలీలూ చిందు కళాకారులూ అయిన తల్లిదండ్రులకు పుట్టిన సమ్మయ్యకు ఈ విద్య ఇంట్లోనే అబ్బింది. వయోజన విద్య, పర్యావరణం వంటి విషయాలనూ ఆయన ఈ కళ ద్వారానే ప్రచారం చేశారు. పురాణకథ మధ్య ఇవి అతుకుల్లా కనిపించకపోవడానికి వచనానికి ఉన్న ఆ స్వేచ్ఛే కారణమనవచ్చు. చిందు ఆటకు సమ్మయ్య కన్నా ముందే గుర్తింపు తెచ్చిన నిజామాబాద్ ప్రాంతపు చిందోడి ఎల్లమ్మ స్త్రీ పాత్రలతో పాటు పురుష పాత్రలూ ధరించి మెప్పించారు. ఇంటిల్లిపాదీ వేషం కట్టే మేళం గనుక అది చిందులో వింత కాలేదు. స్త్రీ పాత్రలను సైతం మగవారే ధరించిన సంప్రదాయ కూచిపూడి భాగవతంతో పోల్చితే ఈ తేడా చిన్నది కాదు, అయినా నాటకచరిత్రకారులు దీనికి ఇవ్వవలసినంత చోటు ఇవ్వలేదు.

జనగామ, మరిపెడ, తొర్రూరు వైపుల నుంచి విదేశాలకు వెళ్లి స్థిరపడినవారి ఉత్సవ వేదికలపై ఇటువంటి ఆటకు అరగంటో గంటో కేటాయించినప్పుడు దరువులు మిగిలి వచనం ఎగిరిపోయే ప్రమాదం ఉంది కాబట్టి, మేళాన్ని పిలిచే నిర్వాహకులు పాటల సంఖ్య తగ్గించి అయినా ఒక్క సన్నివేశాన్ని పూర్తిగా ఆడనివ్వడం మేలు.