సముద్రం దాటిన టపా, బిలాస్‌పూర్ విమానం

బెంగాల్-నాగపూర్ రైల్వే నాటి నుంచీ బొంబాయి-కలకత్తా మార్గంలో పేరెన్నిక గన్న రైల్వే పట్టణం బిలాస్‌పూర్. రైల్వే కొలువులకై తరలివెళ్లిన తెలుగు కుటుంబాలు తరాలుగా అక్కడే స్థిరపడ్డాయి. తమ ఊరికి విమానం కావాలని అక్కడి ప్రజలు 2019లో ధర్నాకు కూర్చున్నారు. వ్యవహారం హైకోర్టుకూ ఎక్కింది. ఇటువంటి ఊళ్ల ప్రస్తావన వచ్చినప్పుడల్లా రాజధానిలో నాకు వినవచ్చే ప్రశ్న ఒక్కటే: ప్రయాణికులేరీ?

ఈ ప్రశ్న ఆనాడే వేసి ఉంటే విమానాలు సముద్రాలు దాటేవే కావు. తొలినాళ్లలో వాటిని పోషించింది ప్రయాణికుడు కాదు, ఉత్తరం. 1930 మేలో ఫ్రెంచి వైమానికుడు మెర్మోజ్ సెనెగల్ నుంచి బ్రెజిల్‌కు అట్లాంటిక్ మీదుగా మోసుకుపోయింది టపా సంచులనే. 1935 నవంబరులో పసిఫిక్ దాటిన పాన్ అమెరికన్ వారి ‘చైనా క్లిప్పర్’లో లక్షకు పైగా ఉత్తరాలున్నాయి, టిక్కెట్టు కొన్నవాడు ఒక్కడూ లేడు. విదేశీ టపాకు మైలుకు రెండు డాలర్ల దాకా చెల్లించేందుకు వీలు కల్పించిన 1928 నాటి అమెరికా చట్టమే ఆ సంస్థకు ఊపిరి. బ్రిటన్‌లో 1924లో వెలసిన ఇంపీరియల్ ఎయిర్‌వేస్‌కు పదేళ్లకు పది లక్షల పౌన్ల సబ్సిడీ దక్కింది.

ఆ ఇంపీరియల్ వారే 1929 మార్చి 30న లండన్-కరాచీ సర్వీసు ప్రారంభించారు. లండన్ నుంచి బాసెల్ వరకు విమానం. అక్కడి నుంచి జెనోవాకు, రైల్వే పట్టణం వారు విని సంతోషించవలసిన సంగతి, రైలు! పిమ్మట మధ్యధరా సముద్రంపై నీటి విమానంలో అలెగ్జాండ్రియాకు, మళ్లీ మామూలు విమానంలో కరాచీకి. మొత్తం ఏడు రోజులు. కరాచీలో దిగిన టపాను బొంబాయి, బళ్లారిల మీదుగా మద్రాసుకు చేర్చే పని 1932 అక్టోబరు 15న టాటాలు చేపట్టారు. వారికి సబ్సిడీ దొరకలేదన్న మాట నిజమే. కాని మోసిన టపా బరువును బట్టి కూలి ముట్టజెప్పింది సర్కారే.

బిలాస్‌పూర్‌కు ఢిల్లీ విమానం 2021 మార్చి 1న వచ్చింది. ఒక సర్వీసు జబల్‌పూర్ మీదుగా, మరొకటి ప్రయాగ్‌రాజ్ మీదుగా. 1911 ఫిబ్రవరి 18న సుమారు 6,500 ఉత్తరాలతో అధికారికంగా తొలి విమాన టపా యమునను దాటింది ఆ ప్రయాగలోనే.

2017లో మన కడపకు హైదరాబాద్ విమానాన్ని తెచ్చిన ఉడాన్ పథకం ఒక్కో మార్గానికి సబ్సిడీ గడువును మూడేళ్లుగా నిర్ణయించింది. సామ్రాజ్యపు టపాకు పదేళ్లు అవసరమైనప్పుడు, బిలాస్‌పూర్, కడపల వంటి ఊళ్లకు మరికొన్నేళ్లు అడగడం గొంతెమ్మ కోరిక అనుకోను. ఈ విషయమై పార్లమెంటులో పట్టుబట్టవలసిన బాధ్యత మన సభ్యులపై కూడా ఉన్నది.