పదవిని కొన్న ప్రభువు - లార్డ్ కార్డిగన్

చలికాలంలో మనం ధరించే, ముందువైపు గుండీలుండే ఉన్ని స్వెట్టరును ‘కార్డిగన్’ అంటారు. అది ఒక ఆంగ్లేయ ప్రభువు పేరు. ఆయన జీవితం ఒక వ్యక్తి చరిత్ర మాత్రమే కాదు. యోగ్యతకు బదులు ధనమే అధికారాన్ని నిర్ణయించిన ఒక వ్యవస్థ చరిత్ర కూడా.

జేమ్స్ బ్రూడెనెల్ 1797లో ఎర్ల్ ఆఫ్ కార్డిగన్ వంశంలో ఏకైక పుత్రుడుగా జన్మించాడు. 1824లో అశ్వికదళంలో చేరి, 1830 నాటికే లెఫ్టినెంట్ కర్నల్ అయ్యాడు. యుద్ధభూమిని ఒక్కసారైనా చూడని వానికి ఇంతటి ఉన్నతి ఎట్లా లభించింది? ఆ కాలపు బ్రిటిష్ సైన్యంలో అశ్విక, పదాతి దళాల ఆఫీసరు పదవులు విక్రయింపబడేవి. అశ్వికదళంలో లెఫ్టినెంట్ కర్నల్ పదవికి ప్రభుత్వం నిర్ణయించిన వెల 6,175 పౌండ్లు. చేతులు మారే సొమ్ము అంతకు మించి ఉండేది. శాస్త్రజ్ఞానం అవసరమైన ఫిరంగి, ఇంజనీరు దళాలలో మాత్రం ఈ క్రయవిక్రయాలు లేవు. ఆ దళాలలో తప్పు లెక్క వేస్తే ఫలితం వెంటనే కనబడుతుంది కదా!

కార్డిగన్ దురుసు స్వభావం కారణంగా 1834లో ఒక రెజిమెంటు నాయకత్వం కోల్పోయాడు. అయినా పలుకుబడితో 1836లో మరొక రెజిమెంటుకు అధిపతి అయ్యాడు. అప్పుడా రెజిమెంటు భారతదేశంలో ఉన్నది. ఇక్కడ ఏండ్ల తరబడి పనిచేసి అనుభవం గడించిన సామాన్య కుటుంబాల ఆంగ్లేయ ఆఫీసర్లను ఆయన ‘ఇండియన్ ఆఫీసర్లు’ అని చులకన చేసేవాడు. వారిలో ఒకడైన కెప్టెన్ టకెట్ సైన్యం విడిచిన తరువాత ఆయనను పత్రికలో విమర్శించాడు. 1840లో ద్వంద్వయుద్ధం జరిగి టకెట్ గాయపడ్డాడు. ప్రభువుల సభలో విచారణ జరిగింది. గాయపడినవాని పూర్తి పేరు రుజువు కాలేదన్న సాంకేతిక కారణంతో కార్డిగన్ నిర్దోషిగా బయటపడ్డాడు.

1854 అక్టోబరు 25న, క్రిమియా యుద్ధంలో బాలక్లావా వద్ద అసలు పరీక్ష ఎదురైంది. కొండమీది నుంచి సేనాధిపతి రాగ్లన్ పంపిన ఆజ్ఞ అస్పష్టం. లోయలో నిలిచిన అశ్వికదళాధిపతి లూకన్‌కు ఏ ఫిరంగులో తెలియలేదు. లూకన్ స్వయంగా కార్డిగన్ చెల్లెలి భర్త. కాని ఇరువురికీ పొసగేది కాదు. ముందూ, రెండు ప్రక్కలా రష్యన్ తుపాకులున్నాయని కార్డిగన్ హెచ్చరించాడు. ఆజ్ఞ మారలేదు. సుమారు 670 మంది రౌతులు ఫిరంగులకు ఎదురుగా మైలుకు పైగా సాగిపోయారు. దాదాపు 110 మంది మరణించారు.

న్యాయంగా చెప్పవలసి వస్తే, కార్డిగన్ పిరికివాడు కాడు. అందరికంటె ముందు తానే నడిచాడు. కాని ఫిరంగులను చేరిన తరువాత, వెనుక వచ్చిన తన రౌతుల గతి చూడకుండానే మరలిపోయాడు. ఆ రాత్రి వారు చలిలో గడపగా, ఆయన రేవులోని సొంత నౌకలో విశ్రమించాడు. శౌర్యం ఉన్నది, బాధ్యత లేదు. మొదటిది స్వభావంలో పుడుతుంది. రెండవది శిక్షణతో, అనుభవంతో అలవడుతుంది. దానిని ఏ విపణిలోనూ కొనలేము.

1868లో గుర్రంపై నుంచి పడి ఆయన మరణించాడు. 1871లో గ్లాడ్‌స్టన్ ప్రభుత్వం ప్రభువుల సభ ప్రతిఘటనను త్రోసిరాజని పదవుల విక్రయాన్ని రద్దు చేసింది.

విద్యార్థి మిత్రులారా! అర్హతను అడ్డదారిన సంపాదించినవాడు దాని వెల తానే చెల్లించాననుకుంటాడు. ఆ వెలలో అధికభాగం అతని వెనుక నడిచేవారు చెల్లిస్తారు.