తనఖా యింటి నిజమైన వెల

ఇల్లు తనఖాపెట్టి ఋణము గొను గృహస్థుడు “నెలకెంత?” యని యడుగును గాని “తుదకెంత?” యని యడుగుట యరుదు. సాలుకు నూటికి 9 రూపాయల వడ్డీపై 30 లక్షలు 20 ఏండ్ల గడువునకు తెచ్చినచో నెలకు సుమారు 27 వేలు చెల్లింపవలెను. తొలి వాయిదాలో 22,500 వడ్డీకే పోవును. అసలులో సగము తీరుటకే 14 ఏండ్లు పట్టును. తుదకు చెల్లించునది దాదాపు 65 లక్షలు.

గడువు 15 ఏండ్లే యైనచో వాయిదా నెలకు సుమారు 3,400 హెచ్చును గాని మొత్తముమీద 10 లక్షలు మిగులును. మారుచుండు వడ్డీరేటుగల గృహఋణమును ముందుగా తీర్చు వ్యక్తులపై బ్యాంకులు అపరాధ రుసుము విధింపరాదని రిజర్వు బ్యాంకు 2012లోనే శాసించినది. కావున పంట సొమ్ము చేతికందిననాడు, జీతము పెరిగిననాడు, అసలునకు కొంత జమకట్టుట వివేకము. వాయిదా తేలికయైనకొలది యిల్లు ప్రియమగును.